ధూళికలో దిబ్బకో శ్రుతి కుదురుతుందా? పాట ఇసుకదా, దిబ్బదా?

దారిదీపం:
అందరికీ నమస్కారం. నేను రాస్తున్న నవలలో ధూళిక అనే లోకం ఉంది. అక్కడ గురుత్వాకర్షణ మన భూమి మీద ఉన్నదాంట్లో సగం. నేలలో మూడొంతులు ఎడారి. ఇసుక దిబ్బలు జారినప్పుడు మోగుతాయి, ఒక్కో దిబ్బది ఒక్కో శ్రుతి. బిడారుల ముందు ఒక గుడ్డి అవ్వ నడుస్తుంది. రాత్రి పూట ఏ దిబ్బ మోగిందో విని దారి చెబుతుంది. మొదటి మూడు అధ్యాయాలు చదివిన ఒకాయన "దిబ్బకో శ్రుతి కుదరదు, ఎడారి మొత్తం ఒకే శ్రుతిలో మోగాలి" అని తేల్చేశారు. కథ అంతా దాని మీదే నిలబడి ఉంది. మీరేమంటారు?

కథే_ముఖ్యం:
పేదరాశి పెద్దమ్మ కథలో మర్రిచెట్టు మాట్లాడితే దాని గొంతు ఎక్కడుందని ఎవరూ అడగలేదు కదండీ. మీ లోకం, మీ ఇసుక. రాసుకుంటూ పొండి.

దారిదీపం:
వదిలేయొచ్చు. కానీ అవ్వ తెలివికి ఏదో ఒక నియమం ఉండాలి. నియమం లేకపోతే ఆవిడ దారి తప్పడం, తప్పకపోవడం రెండూ నా ఇష్టమే అవుతాయి. ఇక చదివేవాళ్లకి టెన్షన్ ఎక్కడుంటుంది?

రేణువు_రాజు:
ఆ పాఠకుడు చెప్పినదాంట్లో చాలావరకు నిజం ఉంది. అసలు సంగతి తెలియనివాళ్ల కోసం ముందు రెండు ముక్కలు. దిబ్బలు మోగడం కల్పన కాదు. మొరాకో, ఒమన్, చిలీ, కజకిస్తాన్, చైనాలో దున్‌హువాంగ్ దగ్గర, అమెరికాలో కెల్సో, డ్యూమాంట్, శాండ్ మౌంటెన్... ఇలా ప్రపంచంలో ముప్పై నలభై చోట్ల ఉన్నాయి. 13వ శతాబ్దంలో మార్కో పోలో ఆసియా ఎడారుల్లో భూతాల గొంతులు, డప్పుల మోతలు వినిపిస్తాయని చెప్పాడు. ఎత్తైన దిబ్బ వాలు మీద పొడి ఇసుక పొరలుగా కిందికి జారేటప్పుడు మామూలుగా 70 నుంచి 105 హెర్ట్‌జ్ మధ్య బరువైన మోత వస్తుంది. ఒక్కోసారి నిమిషాల తరబడి సాగుతుంది. కొన్ని కిలోమీటర్ల దూరం వినిపిస్తుంది. ఫోన్ స్పీకర్లో విని "ఇంతేనా" అనకండి, ఆ స్వరం దాంట్లో సరిగా పలకదు, హెడ్‌ఫోన్ పెట్టుకోండి. వాలు మీద కూర్చుని ఇసుకతో పాటు జారినవాళ్లకైతే చెవికంటే ముందు నడుముకి తెలుస్తుంది.

ఇక ప్రశ్న. ఆ స్వరాన్ని ఎవరు నిర్ణయిస్తున్నారు? నా పక్షం పారిస్ వాళ్లది. స్టెఫాన్ డువాడి, బ్రూనో ఆండ్రియోటి వాళ్లు 2004 నుంచి చెబుతున్నది ఇది: జారే పొరలో రేణువులు ఒకదాని మీంచి ఒకటి ఎక్కి దిగుతుంటాయి. ఆ ఎక్కి దిగడాలన్నీ ఒకే తాళంలో పడతాయి. సభలో ఎవరికివారు కొట్టే చప్పట్లు కాసేపటికి ఒకే దెబ్బగా కలిసిపోతాయి చూడండి, అలాగ. అప్పుడు జారే పొర మొత్తం ఒక పెద్ద స్పీకర్ పొరలా గాలిని కదిలిస్తుంది. ఎంత వేగంగా ఎక్కి దిగుతాయన్నది రేణువు వ్యాసం, గురుత్వం రెండింటి మీదే ఆధారపడుతుంది. గురుత్వాన్ని వ్యాసంతో భాగించి, వర్గమూలం తీసి, 0.4తో గుణిస్తే సుమారుగా ఫ్రీక్వెన్సీ వస్తుంది. 0.16 మిల్లీమీటర్ల రేణువుకి లెక్కేస్తే దాదాపు 100 హెర్ట్‌జ్. మొరాకోలో అంతటి రేణువులున్న దిబ్బ 105 దగ్గర మోగుతోంది.

ఇందులో దిబ్బ ఎత్తు లేదు, ఆకారం లేదు. ఒక ఎడారిలో గాలి జల్లెడ పట్టిన ఇసుక దాదాపు ఒకే సైజులో ఉంటుంది కాబట్టి పక్కపక్క దిబ్బలు ఒకే స్వరం పలుకుతాయి. మీ అవ్వకి అన్ని దిబ్బలూ ఒకటే.

పొరల_పురాణం:
రాజు గారూ, తగవు ఎప్పుడో తీరిపోయినట్టు చెబుతున్నారు. తీరలేదు. నాది సీస్మిక్ సర్వే పని. జియోఫోన్లు పాతి, నేల మీద సుత్తితో కొట్టి, కింద పొరలు ఎక్కడున్నాయో వినడమే నా ఉద్యోగం. అందుకే అమెరికాలోని కాల్టెక్ విశ్వవిద్యాలయం వాళ్ల వాదన నాకు దగ్గరగా అనిపిస్తుంది.

నతాలీ వ్రీండ్, మెలనీ హంట్ బృందం కాలిఫోర్నియా దిబ్బల మీద సరిగ్గా ఈ పనే చేసి 2007లో ప్రచురించారు. పైన మీటరు, రెండు మీటర్ల మందాన పొడి ఇసుక. దాని కింద తేమతో గట్టిపడిన ఇసుక. పై పొరలో ధ్వని నెమ్మదిగా, కింది పొరలో వేగంగా పోతుంది. దాంతో పై పొర ఒక గొట్టంలా, అంటే వేవ్‌గైడ్‌లా పనిచేసి కొన్ని ఫ్రీక్వెన్సీలనే లోపల పట్టి ఉంచుతుంది. జారుడు వల్ల పుట్టేది కలగాపులగం చప్పుడు, దాంట్లోంచి ఒక స్వరాన్ని ఏరేది పొర. ఒకే ఇసుక ఉన్న దిబ్బ ఎండాకాలం మోగి, చలికాలం వానల తరవాత మూగబోవడం వాళ్లు చూశారు. రేణువు సైజు ఆర్నెల్లలో మారదు కదా.

ఈ లెక్కన పొడి పొర మందం దిబ్బ దిబ్బకీ వేరు. కాబట్టి దారిదీపం గారూ, మీ దిబ్బకో శ్రుతి భేషుగ్గా కుదురుతుంది.

రేణువు_రాజు:
వానొస్తే మూగబోవడానికి వేవ్‌గైడ్ ఎందుకండీ? రేణువుల మధ్య తేమ చేరితే అంటుకుంటాయి, జారవు, అంతే. మోగే ఇసుక మహా సుకుమారం. బాగా గుండ్రంగా, నునుపుగా, ఎండి ఉండాలి. కాస్త దుమ్ము కలిసినా గొంతు పోతుంది.

అసలు దెబ్బ 2012లో పడింది. డువాడి వాళ్లు దిబ్బనే తీసేశారు. మొరాకో ఇసుక, ఒమన్ ఇసుక పట్టుకెళ్లి ప్రయోగశాలలో ఏటవాలు బల్ల మీద జార్చారు. కింద తడి పొర లేదు, దిబ్బ లేదు, అయినా మోగింది. పైగా మొరాకో ఇసుక ఒకే సైజు కాబట్టి ఒకే స్వరం. ఒమన్ ఇసుకలో 150 నుంచి 310 మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటర్‌లో వెయ్యో వంతు) దాకా అన్ని సైజులూ ఉన్నాయి కాబట్టి ఎడారిలో 90 నుంచి 150 హెర్ట్‌జ్ దాకా గోల గోలగా మోగుతుంది. ఆ ఒమన్ ఇసుకనే జల్లించి 200, 250 మైక్రాన్ల మధ్య రేణువుల్ని మాత్రం జార్చారు. అంతే, 90 దగ్గర ఒకే స్వరం! జల్లెడ పట్టగానే గోల కాస్తా శ్రుతి అయింది. ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి?

పొరల_పురాణం:
ఆ ప్రయోగం అందంగా ఉంటుంది, ఒప్పుకుంటాను. కానీ అది దేనికి సాక్ష్యం? దిబ్బ ఎక్కి గుప్పెడు ఇసుకని చేత్తో గట్టిగా తోస్తే "బర్ర్" మని చిన్న మోత వస్తుంది. దాన్ని మావాళ్లు త్రేన్పు అంటారు. అది రేణువుల పనే, అక్కడ పేచీ లేదు. పెద్ద జారుడులో వచ్చే నిలకడైన హోరు వేరు. 2015లో వ్రీండ్ వాళ్లు ఈ రెంటినీ జియోఫోన్లతో విడదీసి చూపించారు. త్రేన్పు ఉపరితలం వెంట పోయే తరంగం, హోరు లోపల పొరలోంచి ఇసుకని ముందుకీ వెనక్కీ నొక్కుతూ పోయే పీ-తరంగం. జారడం ఆగిపోయాక కూడా హోరు కాసేపు సాగుతుంది. రేణువులు కదలడం మానేశాక వాటి తాళం ఎక్కడిది? బల్ల మీద మీరు విన్నది త్రేన్పు కాదని గ్యారంటీ ఏంటి?

రేణువు_రాజు:
ఆగాక కాసేపు సాగడం అంటే లోపల ఉన్న కంపనం చల్లారడమే. గంటని కొట్టడం ఆపాక మోత ఉంటుంది, దానివల్ల కొట్టినవాడు లేడని కాదు. 2007 పేపర్ రాగానే ఆండ్రియోటి వాళ్లు ఇదే వాదించారు, కాల్టెక్ వాళ్లు జవాబిచ్చారు, రెండూ అచ్చయ్యాయి. నాకు ఫ్రెంచి వాళ్ల మాటే ఇప్పటికీ గట్టిగా కనిపిస్తుంది. పొర స్వరాన్ని నిలబెట్టొచ్చేమో గానీ పుట్టించేది మాత్రం రేణువే.

రాయదుర్గం_కుర్రోడు:
అన్నలూ, మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోవద్దు. మాది రాయదుర్గం వైపు. అనంతపురం జిల్లా కణేకల్లు, బొమ్మనహాళ్ మండలాల్లో హగరి ఒడ్డున ఇసుక దిబ్బలుంటాయి, చాలామందికి తెలీదు. గాలికాలంలో పొలాల మీదికి ఇసుక ఎక్కేస్తుంది, గడప ముందు రోజూ ఊడ్చుకోవాల్సిందే. చిన్నప్పుడు వాటి మీద అట్టముక్కలేసుకుని జారినాము. ఒక్కసారి కూడా మోగలేదు. మరి మా ఇసుకకేం రోగం?

రేణువు_రాజు:
రోగమేం లేదు తమ్ముడూ. అది పక్కనున్న ఏటిలోంచి లేచిన ఇసుక, ఎక్కువ దూరం ప్రయాణం చేసినది కాదు. గుప్పెడు తీసి అరచేతిలో ఎండకి పట్టి చూడు. కోసుగా ఉన్నవి, గుండ్రనివి, అభ్రకం తళుకులు, మట్టి అన్నీ కనిపిస్తాయి. వేల ఏళ్లు గాలిలో దొర్లి అరిగిన ఎడారి రేణువు అలా ఉండదు. దానికి తోడు పెద్ద జారుడుకి ఎత్తైన వాలు కావాలి.

పొరల_పురాణం:
ఈ ఒక్క విషయంలో ఆయనతో నాకు పేచీ లేదు. భీమిలి దగ్గర ఎర్రమట్టి దిబ్బల గురించి ఎవరైనా అడగబోతుంటే, అవీ మోగవు. రేణువుల మధ్య బంకమన్ను, ఇనుప తుప్పు పట్టేసి ఉంటాయి. కురిసిన వానకి కోసుకుపోయి గెడ్డలు పడతాయి తప్ప పొడిగా జారవు.

రాయదుర్గం_కుర్రోడు:
ఇసుక సంగతి సరే, మోగే రాళ్లు మాత్రం మాకు దగ్గర్లోనే ఉన్నాయి. బళ్ళారి పక్కన కుప్పగల్లు కొండ మీద నల్ల డోలరైట్ బండలు రాయితో కొడితే గంటలా పలుకుతాయి. కొత్త రాతియుగం వాళ్లు చెక్కిన ఎద్దుల బొమ్మలున్న కొండ అది. బండల మీద కొట్టి కొట్టి అరిగిన గుంటలు కనిపిస్తాయి. ఆ కాలంలో వాటిని వాయించేవాళ్లని 2004లో పరిశోధకులు రాశారు. క్వారీ వల్ల ఆ కొండకి ముప్పు ఉందని కూడా అప్పుడే బయటికొచ్చింది. దారిదీపం అన్నా, దిబ్బలు కాకపోతే బండలు పెట్టుకో. బండకో స్వరం, ఎవరూ కాదనలేరు.

దారిదీపం:
బండలు బాగున్నాయి తమ్ముడూ, ఇంకో అధ్యాయానికి దాచుకుంటాను. కానీ బండని మనిషి కొట్టాలి. దిబ్బ తనంతట తాను మోగుతుంది, నాకు కావాల్సింది అది.

అసలు రాజు గారి సూత్రంలో గురుత్వం ఉందిగా. మా లోకంలో అది సగం. అప్పుడేమవుతుంది?

రేణువు_రాజు:
వర్గమూలం కాబట్టి 0.707 రెట్లు అవుతుంది. ఇక్కడ 100 హెర్ట్‌జ్ పలికే ఇసుక అక్కడ 70 పలుకుతుంది.

పొరల_పురాణం:
నా లెక్కలో అంత తగ్గదు. పొడి ఇసుకలో ధ్వని వేగం పైన పడే ఒత్తిడిని బట్టి మారుతుంది, కానీ చాలా మెల్లగా, ఆరో మూలంగా. ఒత్తిడి సగమైతే వేగం 0.89 రెట్లు. పొర మందం అంతే ఉంటే 100 కాస్తా 89 అవుతుంది.

తంబురా_తాతయ్య:
ఇద్దరు సైంటిస్టులు వాదించుకుంటుంటే సంగీతం మాస్టారుకి పని దొరికింది. ఇక్కడి మోతని తారస్థాయి షడ్జమం అనుకోండి. రాజు గారి లెక్కలో అది ప్రతిమధ్యమానికి దిగుతుంది. పొరల గారి లెక్కలో కైశికి నిషాదం దగ్గర ఆగుతుంది. మామూలు చెవికే తెలిసిపోయేంత తేడా. అంటే ఈ తగవు తీర్చాలంటే సగం గురుత్వం ఉన్న చోటికి ఒక మోగే దిబ్బని పట్టుకెళ్లాలి. నవలల్లో తప్ప అది ఇప్పట్లో అయ్యే పని కాదు గానీ, కల్పిత లోకం వల్ల ఇంతమాత్రం ప్రయోజనం ఉందని నాకు ముందు తోచలేదు.

కథే_ముఖ్యం:
అంగారకుడి మీద దిబ్బలున్నాయి, పర్సెవరెన్స్ రోవర్‌కి మైకులున్నాయి. అక్కడ వింటే సరిపోదా?

పొరల_పురాణం:
గురుత్వం 0.38, దిబ్బలు బోలెడు. కానీ గాలి ఒత్తిడి మన దగ్గర ఉన్నదాంట్లో నూరో వంతు కూడా లేదు. అదే శబ్దం అక్కడ దాదాపు 20 డెసిబెల్స్ బలహీనంగా వినిపిస్తుంది. ధ్వని వేగం సెకనుకు సుమారు 240 మీటర్లు. రోవర్ దిగింది ఒక పాత సరస్సు గుంతలో, దాని ముందు దిబ్బ కూలాలి కదా. నన్నడిగితే మైకు కాదు, దిబ్బలో జియోఫోన్ పాతాలి. గాలి ఎంత పల్చగా ఉన్నా ఇసుకలో పోయే తరంగం పోతుంది.

దారిదీపం గారూ, ఇది మీకు పనికొస్తుంది. మీ అవ్వ చెవితో కాదు, అరికాళ్లతో వినొచ్చు.

రేణువు_రాజు:
అరికాళ్లు బాగుంది. కానీ కథలో ఇంకో పెద్ద కన్నం ఉంది, ఎవరూ అడగలేదు. బిడారు రాత్రి నడుస్తోంది. భూమి మీద దిబ్బలు ఎక్కువగా మోగేది ఎండ బాగా కాచి ఇసుక ఎండిన వేళల్లో, సాయంత్రం గాలికి. రాత్రి మంచు పడితే పై పొర అంటుకుంటుంది. మీ దిబ్బలు రాత్రి ఎలా మోగుతున్నాయి?

దారిదీపం:
ధూళిక గాలిలో తేమ లేదండీ. మంచు పడదు, వాన రాదు. పాతాళంలో ఉన్న నీటిని బావుల్లోంచి తోడుకుంటారు.

రేణువు_రాజు:
అదీ! పొరల గారూ, తేమ లేని లోకం. కింద తడి పొర ఎక్కడిది? మీ సిద్ధాంతం ప్రకారం ధూళికలో ఒక్క దిబ్బా మోగకూడదు.

పొరల_పురాణం:
కింద గట్టి పొర కావాలన్నాను, అది నీటితోనే గట్టిపడాలని అనలేదు. ఉప్పు, జిప్సం లాంటివి రేణువుల్ని సిమెంటులా పట్టి ఉంచగలవు. ఒకప్పుడు ధూళికలో సముద్రం ఉండి ఎండిపోయిందని ఒక్క వాక్యం రాస్తే చాలు, ఎక్కడెక్కడ ఉప్పు పొర ఎంత లోతులో ఉందో దాన్ని బట్టి దిబ్బకో శ్రుతి. రాజు గారి సిద్ధాంతం నమ్ముకుంటే మాత్రం ఎడారంతా ఒకే స్వరం, అవ్వకి పని ఉండదు, నవల రెండో అధ్యాయంలోనే ముగుస్తుంది.

కాపలాదారు:
ఇద్దరూ నవలని అడ్డుపెట్టుకుని మీ తగవు తీర్చుకుంటున్నారు. అసలు ప్రశ్న అడిగినాయనకి ఉపయోగపడేది చెప్పండి.

రేణువు_రాజు:
సరే, చెబుతా. ఎడారంతా ఒకే స్వరం అని నేనన్నది ఒకే చోటి ఇసుక గురించి. బిడారు నెలల తరబడి నడుస్తుంది కదా. ఎండిపోయిన ఒక మహానది ఇసుకంతటికీ మూలం అనుకోండి. గాలి ఎప్పుడూ ఒకే దిక్కుకి వీస్తుంది. బరువు రేణువులు వెనకబడతాయి, సన్నవి ముందుకి పోతాయి. అన్ని ఎడారుల్లోనూ ఇలా పద్ధతిగా జరగదు గానీ, లోకం మీది, గాలీ మీదే. నది దగ్గర 0.25 మిల్లీమీటర్లు, దారి చివర 0.16 అనుకుంటే ధూళిక గురుత్వంలో మొదటి దిబ్బ 56 హెర్ట్‌జ్, చివరి దిబ్బ 70. బిడారు ముందుకి పోయేకొద్దీ స్వరం మెల్లగా పైకెక్కుతుంది.

అవ్వకి దిబ్బల పేర్లు తెలియక్కర్లేదు. దారిలో ఎంత దూరం వచ్చామో తెలుస్తుంది. ఒక దిబ్బ గోలగా, బొంగురుగా మోగితే అక్కడ వేరే దిక్కు నుంచి వచ్చిన ఇసుక కలిసిందని అర్థం, ఒమన్ ఇసుకలాగ. అంటే పక్క లోయ నోరు దగ్గర్లో ఉంది, అటు తిరగాలి.

తంబురా_తాతయ్య:
56 షడ్జమం అయితే 70 సరిగ్గా అంతర గాంధారం. లెక్క వేసి చూశాను, ఐదుకి నాలుగు. రాజు గారు కావాలని చేశారో లేదో గానీ, షడ్జమంలో బయల్దేరి గాంధారంలో చేరే ప్రయాణం నాకు నచ్చింది. ఒక హెచ్చరిక మాత్రం ఉంది. పక్కపక్క దిబ్బల మధ్య తేడా ఒక హెర్ట్‌జ్ కూడా ఉండదు, అంత కింది స్థాయిలో చెవి దాన్ని పట్టలేదు. ఆవిడ దగ్గర పోల్చుకోవడానికి తంబురా లాంటిది ఏదైనా ఉండాలి. రెండు స్వరాలూ కలిసి మోగితే మోత హెచ్చి తగ్గే అలల్ని లెక్కపెడితే అర హెర్ట్‌జ్ తేడా కూడా దొరుకుతుంది. మేం తీగలు శ్రుతి చేసేది అలాగే.

దారిదీపం:
తాతయ్య గారూ, ఇది నాకు బంగారం. అవ్వ దగ్గర బయల్దేరిన చోట శ్రుతి చేసుకున్న ఒంటితీగ వాయిద్యం ఉంటుంది. దారిలో తీగ సడలితే లెక్క తప్పుతుంది. టెన్షన్ దొరికింది.

రాజు గారి రేణువుల దారే తీసుకుంటున్నాను. కారణం సైన్సు కాదు. ప్రయాణం సాగేకొద్దీ స్వరం పెరగడం కథకి సరిపోయింది.

పొరల_పురాణం:
కథ కోసం తీసుకోండి, సైన్సులో గెలిచినట్టు మాత్రం రాజు గారు ఇంకో థ్రెడ్‌లో రాయకూడదు. నాకొక చిన్న కోరిక. ఎండిన సముద్రం దాటే అధ్యాయం ఏదైనా ఉంటే అక్కడ ఉప్పు పొర పెట్టండి. జారుడు ఆగాక కూడా హోరు సాగాలి.

రేణువు_రాజు:
పెట్టండి, నాకు అభ్యంతరం లేదు. కానీ ఎంతసేపు సాగుతుందో అంకె రాసే ముందు ఇక్కడ చూపించండి.

రాయదుర్గం_కుర్రోడు:
అన్నా, ఆ ఒంటితీగ వాయిద్యానికి ధూళికలో పేరేం పెడుతున్నావు?